కొమ్మ నాటిన చరిత్ర

తెలుగు ఇళ్ల బాల్కనీల్లో పూసే మొక్కల్లో విత్తనం నుంచి మొలిచినవి తక్కువ. మందారం, మల్లె, కాగితం పూలు, నందివర్ధనం, నూరువరహాలు, గులాబీ, దేవగన్నేరు దాదాపుగా అన్నీ ఎక్కడో పెరుగుతున్న మొక్క నుంచి కొమ్మ కోసి నాటగా వచ్చినవే. నర్సరీలో కొన్నా, పక్కింటివాళ్లను అడిగి తెచ్చుకున్నా మొదలు కొమ్మే. విత్తనంలో రెండు మొక్కల లక్షణాలు కలుస్తాయి కాబట్టి దాని నుంచి వచ్చే మొక్క ఎలా పూస్తుందో పూసేదాకా తెలియదు. కొమ్మ నుంచి వచ్చేది అచ్చంగా తల్లి మొక్కే. రంగు, రేకుల వరస, వాసన, పూసే కాలం, చివరికి తల్లికున్న తెగుళ్ల భయం కూడా దానికి సంక్రమిస్తాయి.

కొన్ని పూలకైతే ఇది తప్ప వేరే దారి లేదు. ముద్దమందారంలో కేసరాలు చాలావరకు రేకులుగా మారిపోయి ఉంటాయి. మన పెరళ్లలో అది కాయ కట్టడం చాలా అరుదు. అసలు పెరటి మందారం అడవిలో సహజంగా పెరుగుతున్న జాడ ఎక్కడా లేదు; మనుషుల చేతుల మీదుగానే అది దేశాలు తిరిగింది. రేకులు దొంతరగా ఉండే మల్లెలు, ముద్ద నందివర్ధనం కూడా ఈ కోవలోవే. పూల అంగళ్లలో ముదురు నారింజ రంగులో, పెద్ద రేకులతో కనిపించే ఢిల్లీ కనకాంబరం మరీ స్పష్టమైన ఉదాహరణ. మామూలు కనకాంబరం గింజ కడుతుంది. ఎండిన కాయ మీద నీటిచుక్క పడితే టప్పున పేలి గింజలు చిమ్ముతుంది. ఢిల్లీ రకం కణాల్లో క్రోమోజోముల వరసలు మూడున్నాయి. గింజ ఏర్పడేటప్పుడు మూడు వరసలు సమంగా పంచుకోవడం కుదరదు, అందువల్ల గింజే రాదు. జడల్లోకి ఎక్కుతున్న ఆ పువ్వంతా కొమ్మ ముక్కల పంటే. ప్రతి తరంలోనూ ఎవరో ఒకరు కత్తి పట్టి కొమ్మ కోసి నాటకపోతే ఇలాంటి మొక్కలు మనుషుల మధ్య నుంచే మాయమై ఉండేవి. ఈ పనికి చరిత్ర రాయవలసినంత విలువ ఉన్నది అందుకే.

గ్రీకు పండితుడు థియోఫ్రాస్టస్ క్రీస్తుకు పూర్వమే ఏ చెట్టు కొమ్మతో వస్తుంది, ఏది వేరుతో వస్తుంది అని విడివిడిగా రాశాడు. మన దగ్గర కౌటిల్యుడి అర్థశాస్త్రంలో సీతాధ్యక్షుడి, అంటే రాజు పొలాలు చూసే అధికారి, విధులు చెప్పే చోట ఈ విషయం వస్తుంది. కాండాన్నే విత్తనంగా వాడే పంటల్లో కోసిన చివరలకు తేనె, నెయ్యి, పందికొవ్వు, పేడ కలిపి పూయాలని అందులో ఉంది. చెరకు వంటివాటికి చెప్పిన పద్ధతి అది. ఇప్పటి కళ్లతో చూస్తే అందులోని తెలివి తెలుస్తుంది: కోసిన గాయం నుంచే తడి ఆరిపోతుంది, కుళ్లు లోపలికి వెళ్లేదీ అక్కడి నుంచే. కొవ్వు, పేడ కలిసి ఆ గాయాన్ని మూసేస్తాయి.

ఆరో శతాబ్దంలో వరాహమిహిరుడు రాసిన బృహత్సంహితలో వృక్షాయుర్వేదం పేరుతో ఏకంగా ఒక అధ్యాయమే ఉంది. కాండం నాటి పెంచదగిన చెట్ల పట్టిక అందులో ఇచ్చాడు. పనస, అశోకం, అరటి, నేరేడు, దానిమ్మ, ద్రాక్ష, మాదీఫలం, అతిముక్తం వంటివి ఆ పట్టికలో ఉన్నాయి. కాండానికి పేడ పూసి నాటాలని అక్కడా చెప్పాడు. పండ్ల చెట్ల మధ్యలో అశోకం, అతిముక్తం ఉండడం గమనించదగ్గది. ఆ రెండూ పూల కోసం పెంచేవి. అతిముక్తాన్ని మాధవీలతగా చాలామంది గుర్తిస్తారు. నాటే రుతువులను కూడా అతడు వేరు చేశాడు. కొమ్మలు రానివాటిని శిశిరంలో, కొమ్మలు వచ్చినవాటిని హేమంతంలో, బలమైన బోదె ఉన్నవాటిని వర్షాకాలం మొదట్లో నాటాలన్నాడు.

తరవాతి కాలంలో సురపాలుడు వృక్షాయుర్వేదం పేరుతోనే విడిగా ఒక గ్రంథం రాశాడు. దాని తాళపత్ర సంప్రదాయం మన దేశంలో దాదాపు మరుగున పడింది. ఇంగ్లండులో ఆక్స్‌ఫర్డ్‌లోని బోడ్లియన్ గ్రంథాలయంలో ఉన్న ప్రతిని తెప్పించుకుని, నళినీ సాధలే చేసిన ఇంగ్లీషు అనువాదంతో 1996లో అచ్చు వేసింది సికింద్రాబాద్‌లోని ఏషియన్ అగ్రి హిస్టరీ ఫౌండేషన్. మొక్కల శాస్త్రవేత్త వై.ఎల్. నేనె స్థాపించిన సంస్థ అది. తోటపని మీద పాత గ్రంథాలను సామాన్య పాఠకుడి చేతికి అందించడంలో ఆ చిన్న సంస్థ చేసిన సేవ పెద్దది.

ఆంధ్ర తీరంలో మొక్కలను సేకరించి, నాటి, చూసి, రాసిపెట్టే పని శాస్త్రీయంగా మొదలైంది సామర్లకోటలో. ఈస్టిండియా కంపెనీ వైద్యుడు విలియం రాక్స్‌బర్గ్ 1780ల్లో అక్కడ ఉద్యోగం చేస్తూ ప్రయోగాల తోట వేశాడు. రాజమండ్రి వైపు కొండల్లో అడవి మిరియం తీగలు కనిపిస్తే వాటిని తోటకు తెప్పించి నాటించాడు. మిరియం తీగను నేటికీ ముక్కలు నాటే పెంచుతారు. స్థానిక చిత్రకారుల చేత మొక్కల బొమ్మలు గీయించి, తెలుగు పేర్లు అడిగి రాసుకున్నాడు. వాటిలోంచి ఎంపిక చేసిన మూడు వందల బొమ్మలతో కోరమాండల్ తీరపు మొక్కల మీద మూడు సంపుటాలు 1795 నుంచి 1820 వరకు లండన్‌లో వెలువడ్డాయి. 1793లో రాక్స్‌బర్గ్ కలకత్తాకు బదిలీ అయి, గంగ ఒడ్డున 1787లో రాబర్ట్ కిడ్ మొదలుపెట్టిన కంపెనీ తోటకు అధికారి అయ్యాడు. పూల మొక్కల రాకపోకలకు ఆ తోట, 1820లో విలియం కేరీ నెలకొల్పిన అగ్రి హార్టికల్చరల్ సొసైటీ తోట పెద్ద కూడళ్లయ్యాయి.

అయితే ఓడ మీద కొమ్మను బతికించి తేవడం చాలా కష్టమైన పని. నెలల తరబడి ప్రయాణం, ఉప్పుగాలి, తాగడానికే చాలీచాలని మంచినీళ్లు. ఆ రోజుల్లో దూరం వెళ్లగలిగినవి మొండి కాండాల మొక్కలే. దేవగన్నేరు అమెరికా ఖండపు వేడి ప్రాంతాల మొక్క. దాని లావుపాటి కొమ్మలో నీరు నిలవ ఉంటుంది. కోసిన కొమ్మ మట్టి తగలకుండా వారాలు గడిచినా చావదు. ఆ మొక్క మన గుళ్ల ఆవరణల్లో ఎప్పటినుంచో ఉన్నట్టు కలిసిపోవడానికి ఈ గుణం తప్పక తోడ్పడి ఉంటుంది. సున్నితమైన మొక్కల్లో మల్లె ఒకటి. పదిహేడో శతాబ్దం చివర ఇటలీలోని టస్కనీ పాలకుడు మూడో కోసిమో దె మెదిచీ తోటకు గోవా నుంచి దొంతరమల్లె చేరింది. అది బయటికి పోకూడదని ఆయన కట్టడి చేశాడనీ, ఒక తోటమాలి తాను ప్రేమించిన అమ్మాయికి ఆ కొమ్మ ఇవ్వగా ఆమె నాటి పెంచిందనీ అక్కడ కథ చెప్పుకుంటారు. కథ ఎంత నిజమైనా, ఆ మల్లె రకానికి ఇంగ్లీషులో గ్రాండ్ డ్యూక్ ఆఫ్ టస్కనీ అనే పేరు నిలిచిపోయింది.

ఈ ఓడ ప్రయాణపు చిక్కు విడింది లండన్‌లో ఒక వైద్యుడి సీసాలో. నథానియల్ బ్యాగ్‌షా వార్డ్ 1829లో ఒక చిమ్మట పురుగు గూటిని తడిమట్టితో పాటు మూతపెట్టిన సీసాలో ఉంచాడు. కొద్ది రోజులకు ఆ మట్టిలోంచి ఒక ఫెర్న్ మొలక, కొంచెం గడ్డి వచ్చాయి. లండన్ పొగలో బయట బతకని ఫెర్న్ మూసిన సీసాలో హాయిగా పెరగడం చూసి వార్డ్ కారణం పట్టుకున్నాడు. పగలు మట్టి నుంచీ ఆకు నుంచీ లేచిన ఆవిరి చల్లని అద్దానికి తగిలి, నీటిబొట్లయి, తిరిగి మట్టిలోకే దిగుతోంది. కొత్తగా నీరు పోయనక్కర లేదు, బయటి గాలి తగలదు. 1833లో ఆయన గాజుపెట్టెల్లో మొక్కలు పెట్టి సిడ్నీకి పంపాడు. అవి బతికి చేరాయి. అక్కడి మొక్కలతో నింపిన పెట్టెలు కూడా క్షేమంగా లండన్ తిరిగి వచ్చాయి. 1842లో ఆ అనుభవమంతా పుస్తకంగా రాశాడు. తరవాత కొద్ది ఏళ్లలోనే చైనా తేయాకు హిమాలయాల తోటలకు రావడంలో ఈ పెట్టెలది ముఖ్యమైన పాత్ర. అలంకారపు మొక్కలూ వీటిలోనే ఖండాలు దాటాయి. ఈ రోజు ఇంట్లో కొమ్మ నాటిన కుండీ మీద పారదర్శకమైన ప్లాస్టిక్ సంచి బోర్లించి, కింద దారం కట్టేవాళ్లు చేస్తున్నది వార్డ్ పెట్టెనే. వేళ్లు లేని కొమ్మకు నీరు తాగే దారి సన్నం, ఆకుల నుంచి ఆవిరయ్యే దారి వెడల్పు. సంచిలోని తేమ ఆ రెండో దారిని మూస్తుంది.

బాల్కనీ పూలలో ఈ చరిత్రంతా ఒక్కచోట కనిపించేది కాగితం పూలలో. ఫ్రెంచి నావికాధికారి బూగన్‌విల్ 1766 నుంచి 1769 వరకు భూమి చుట్టూ ఓడల్లో తిరిగి వచ్చాడు. ఆ యాత్రలో వృక్షశాస్త్రజ్ఞుడు ఫిలిబేర్ కొమర్సన్, ఆయనకు సహాయకురాలిగా మగవేషంలో జాన్ బారే ఉన్నారు. ఫ్రెంచి నౌకల్లోకి ఆడవాళ్లను రానివ్వని కాలం అది. 1767లో ఓడ బ్రెజిల్‌లోని రియో దె జనీరోలో ఆగినప్పుడు ఈ ముళ్ల తీగ వాళ్లకు దొరికింది. యాత్రానాయకుడి పేరే దానికి పెట్టారు. 1789లో జ్యూసియో ఆ పేరును పుస్తకంలోకి ఎక్కించాడు. కొమర్సన్‌తో అన్ని దేశాలూ నడిచి మొక్కలు మోసిన బారే, లోకాన్ని చుట్టివచ్చిన తొలి మహిళగా ఇప్పుడు గుర్తింపు పొందింది. ఆ గుర్తింపు రావడానికి పట్టిన కాలం బాధాకరం.

భారతదేశానికి ఈ మొక్క ఐరోపా మీదుగా 1860లో కలకత్తా చేరింది. పువ్వని మనం అనుకునే రంగు భాగం నిజానికి మారిన ఆకు. అసలు పువ్వు మధ్యలో తెల్లగా, సన్నని గొట్టంలా ఉంటుంది. ఆ మారిన ఆకు వాడిపోయినా రంగు చాలాకాలం నిలుస్తుంది. పొడి గాలి, మండే ఎండ దీనికి ఇష్టం కాబట్టి రాయలసీమ నుంచి ఆదిలాబాద్ వరకు ఎక్కడైనా ఒదిగిపోయింది. తోటలో కాగితం పూలు అరుదుగా గింజ కడతాయి. అందువల్ల ఈ మొక్కలో కొత్త రంగుల రాక ఎక్కువగా మరో దారిన జరిగింది. పెద్ద పొదలో ఒకానొక మొగ్గలో ఉన్నట్టుండి చిన్న మార్పు వస్తుంది. ఆ మొగ్గ నుంచి పెరిగిన కొమ్మ ఒక్కటే వేరే రంగు పూస్తుంది, మిగతా పొదంతా మామూలే. ఆ కొమ్మను గుర్తించి కోసి నాటితే కొత్త రకం పుట్టినట్టు, గుర్తించకపోతే కొమ్మ ఎండటంతో అదీ అంతరించినట్టు. 1910 ప్రాంతంలో కొలంబియాలోని కార్తహేనా నుంచి ట్రినిడాడ్ చేరిన ఎర్రని మిసెస్ బట్ రకం నుంచి ఇలా అనేక రంగులు విడివడ్డాయి. కలకత్తా అగ్రి హార్టికల్చరల్ సొసైటీ తోటలో మిసెస్ హెచ్.సి. బక్ అనే రకంలోని ఒక కొమ్మ మీద 1949లో తెలుపూ గులాబీ రంగూ కలిసి పూశాయి. ఆ కొమ్మే మేరీ పామర్. ఈ రోజు ఒకే తీగ మీద రెండు రంగుల పూలు కనిపిస్తే అది ఆ కలకత్తా కొమ్మ కొనసాగింపే కావచ్చు. ఇంట్లో పెంచేవాళ్లు తెలుసుకోవలసిన సంగతి ఒకటుంది: మేరీ పామర్‌లో కొన్ని కొమ్మలు పాత రంగుకు వెనక్కి పోతాయి. కొమ్మ కోసేటప్పుడు రెండు రంగులూ పూస్తున్న భాగం నుంచి కోయకపోతే కొత్త మొక్క ఒక్క రంగే పూస్తుంది.

ఇన్ని రకాలకు పేర్లు పెట్టి నమోదు చేసే అంతర్జాతీయ బాధ్యతను 1966లో ఢిల్లీలోని భారత వ్యవసాయ పరిశోధనా సంస్థకు అప్పగించారు. గోధుమ వంగడాల మీద గొప్ప కృషి చేసిన బి.పి. పాల్ ఆ సంస్థకు సంచాలకుడిగా ఉన్నవాడే. సెలవు వేళల్లో గులాబీలు, కాగితం పూలు పెంచి, సొంతంగా రకాలు సృష్టించి, రెండింటి మీదా పుస్తకాలు రాశాడు.

గులాబీ కథ కొంచెం వేరు. మడగాస్కర్‌కు తూర్పున ఉన్న రీయూనియన్ దీవికి అప్పట్లో బూర్బోన్ అని పేరు. అక్కడ చైనా గులాబీ, డమాస్క్ గులాబీ పక్కపక్కన కంచెలుగా పెరిగి, వాటి కలయికతో 1817 ప్రాంతంలో కొత్త గులాబీ పుట్టింది. ఎడ్వర్డ్ గులాబీగా మనకు తెలిసింది ఆ బూర్బోన్ జాతిదే. మంచి వాసన, ఎక్కువ రేకులు, కొమ్మ నాటితే సులువుగా వేళ్లు తొడిగే గుణం ఉండడం వల్ల దక్షిణాదిలో అది పూలదండల గులాబీ అయింది. మిగతా గులాబీలను అంటు కట్టడానికి పునాది మొక్కగానూ నిలిచింది. నేటి పెద్దపూల హైబ్రిడ్ గులాబీలు చాలావరకు సొంత వేళ్ల మీద బలంగా పెరగవు. నర్సరీల్లో గట్టి మొక్క బెరడు కింద వాటి మొగ్గ ఒక్కటి చొప్పించి కడతారు. బాల్కనీలో కొన్నాళ్లకు కింద నుంచి ఏపుగా, సన్నని ఆకులతో ఒక రెమ్మ లేచి, అసలు రకం నీరసించిపోతుంది. ఆ లేచినది పునాది మొక్క రెమ్మ. అంటు కట్టిన ముడికి దిగువన వచ్చిందేదైనా మొదట్లోనే తుంచెయ్యాలి. ఆ తుంచిన రెమ్మను విడిగా నాటితే బతుకుతుంది, కానీ కొన్నప్పుడు చూసిన పువ్వు దానికి రాదు.

కొమ్మ ఎందుకు వేళ్లు తొడుగుతుందన్న ప్రశ్నకు జవాబు పందొమ్మిదో శతాబ్దం చివర నుంచి ఒక్కో మెట్టుగా వచ్చింది. జర్మన్ శాస్త్రజ్ఞుడు హెర్మన్ వోష్టింగ్ 1878లో ప్రచురించిన ప్రయోగాలు ఎవరైనా ఇంట్లో చేసి చూడదగినంత సరళమైనవి. విల్లో చెట్టు కొమ్మ ముక్కలను తేమగాలిలో దారంతో వేలాడదీశాడు. కొన్నింటిని చెట్టు మీద ఉన్న తీరునే నిలువుగా, కొన్నింటిని తలకిందులుగా. తలకిందులుగా కట్టినవాటిలోనూ వేళ్లు చెట్టు మీద ఉన్నప్పుడు కింది వైపున ఉన్న చివర నుంచే వచ్చాయి, అంటే ఇప్పుడు పైకి ఉన్న చివర నుంచి. చిగుళ్లు రెండో చివర నుంచి వచ్చాయి. ముక్కను ఎంత చిన్నదిగా కోసినా ఆ తేడా పోలేదు. కొమ్మకు తన కింది వైపు ఏదో తెలుసు. నాటేటప్పుడు కింది చివరను ఏటవాలుగా, పై చివరను అడ్డంగా కోసే అలవాటు తిరగేసి నాటకుండా గుర్తు కోసమే ఎక్కువగా పనికివస్తుంది. పైగా ఏటవాలు కోత వల్ల వేళ్లు పుట్టే అంచు పెరుగుతుంది.

ఆకుల్లో తయారై కిందికి దిగే ఏదో పదార్థం వేళ్లను పుట్టిస్తుందని యూలియస్ సాక్స్ అదే కాలంలో ఊహించాడు. ఆ పదార్థం చేతికి దొరకడానికి మరో యాభై ఏళ్లు పట్టింది. హాలండ్‌లోని ఉట్రెక్ట్‌లో ఫ్రిట్స్ వెంట్ 1926లో ఓట్ మొలకల కొనలు కోసి, వాటిని జెల్లీ లాంటి అగర్ ముక్కల మీద కొంతసేపు ఉంచాడు. తరవాత ఉత్త అగర్ ముక్కనే కొన తీసేసిన మొలక మీద ఒక పక్కగా పెట్టాడు. కొన లేకపోయినా మొలక వంగింది. అంటే కొనలోని పదార్థం అగర్‌లోకి దిగింది. దానికి ఆక్సిన్ అని పేరు వచ్చింది. 1934లో మనిషి మూత్రం నుంచి వేరుచేసిన ఒక పదార్థం అదే పని చేస్తుందని తేలింది. రసాయనంగా అది ఇండోల్ ఎసిటిక్ ఆమ్లం. 1935లో అమెరికాలోని బాయిస్ థాంప్సన్ సంస్థలో జిమ్మర్మన్, విల్‌కాక్సన్ దాని దగ్గరి చుట్టాలైన ఇండోల్ బ్యుటిరిక్ ఆమ్లం, నాఫ్తలీన్ ఎసిటిక్ ఆమ్లం వేళ్లు పుట్టించడంలో మరింత నిలకడైనవని చూపారు. నేడు విత్తనాలు, ఎరువుల దుకాణాల్లో చిన్న డబ్బాల్లో అమ్మే తెల్లని వేళ్ల పొడిలో ఉండేది ఎక్కువగా ఐబీఏ అనే ఆ ఇండోల్ బ్యుటిరిక్ ఆమ్లమే, టాల్క్ పొడిలో చాలా కొద్దిపాళ్లలో కలిపి. ఎక్కువ పూస్తే ఎక్కువ వేళ్లు రావు. మోతాదు మించితే కింది చివర నల్లబడి చచ్చిపోతుంది. కణుపు కింద కోయమని తోటమాలులు అనాదిగా చెప్పే మాటకూ ఇందులోనే కారణముంది. మొగ్గ, ఆకు ఉండేది కణుపు దగ్గర, ఆక్సిన్ దిగి చేరేదీ అక్కడికే.

కోస్తాలో కొమ్మ నాటే ఈ పని ఒక ఊరి బతుకుతెరువైంది కడియంలో. రాజమహేంద్రవరం దాటాక హైవేకి ఇరువైపులా కడియపులంక, బుర్రిలంక, వేమగిరి, పొట్టిలంక, దుళ్ల గ్రామాల్లో నర్సరీలు వరసగా కనిపిస్తాయి. పేర్లలోని లంక ఆ నేల సంగతి చెబుతుంది: గోదావరి వరదల్లో పేరుకున్న మెత్తని ఒండ్రు. 1847లో మొదలై 1852లో పూర్తయిన ధవళేశ్వరం ఆనకట్ట కాలువలతో ఏడాదిలో ఎక్కువ కాలం నీరు అందుబాటులోకి వచ్చింది. ఒండ్రు మట్టికి ముద్ద కట్టే గుణం ఉంది. వేళ్ల చుట్టూ ఆ మట్టిముద్ద చెదరకుండా మొక్కను లారీలో వందల మైళ్లు పంపవచ్చు. కడియం మొక్క ఉత్తరాది నగరాల దాకా వెళ్లడానికి ఈ ముద్దే ఆధారం.

కొమ్మ నాటితే సులువుగా రాని మొక్కలకు నర్సరీల్లో గాలి అంటు కడతారు, దాన్నే గూటీ అంటారు. పెన్సిలు మందం కొమ్మ మీద అంగుళం మేర బెరడు చుట్టూ ఒలిచి, తడి నాచు చుట్టి, పాలిథిన్ కాగితంతో బిగించి రెండు చివరలా దారం కడతారు. ఆకుల నుంచి దిగే ఆహారం, ఆక్సిన్ ఒలిచిన చోట ఆగిపోయి, ఆ పై అంచు నుంచి వేళ్లు వస్తాయి. పారదర్శకమైన పాలిథిన్‌లోంచి తెల్లని వేళ్లు కనబడ్డాక కిందికి కోసి నాటుతారు. పాలిథిన్ లేని రోజుల్లో మట్టి, పేడ కలిపిన ముద్దను గోనెపట్టాతో చుట్టి, దానికి పైన చిల్లుకుండ వేలాడదీసేవాళ్లు. చిల్లులోంచి వచ్చిన తాడు కొస మీదుగా నీరు చుక్క చుక్కగా ముద్ద మీదికి దిగేది. 1860ల్లో బెంగాల్ తోటల మీద పుస్తకం రాసిన ఫర్మింజర్ దేశీయ తోటమాలుల ఈ పద్ధతిని వర్ణించాడు. కడియం నర్సరీల్లో అంట్లు కట్టడంలో, కొమ్మలు నాటడంలో ఆడవాళ్ల చేతి నేర్పు చాలా ఎక్కువ; ఆ నేర్పు గురించి పుస్తకాల్లో రాసింది మాత్రం తక్కువ.

ఇళ్లలో ఈ పని ఎప్పుడూ వానల లెక్కన నడిచింది. మృగశిర, ఆరుద్ర కార్తెల్లో గాలిలో తేమ నిండుగా ఉంటుంది, కొమ్మ వాడదు. పెరడు ఉన్నప్పుడు కంచె పక్కన గుచ్చితే చాలు. పెరళ్లు పోయి అపార్టుమెంట్లు వచ్చాక పాత నూనె డబ్బాలు, పెయింటు బకెట్లు, నర్సరీ నల్ల సంచులు ఆ చోటు తీసుకున్నాయి. మట్టి కూడా మారింది. బరువు తక్కువని కొబ్బరిపొట్టు, నీరు జారడానికి ఇసుక కలుపుతున్నారు. కాగితం పూల కొమ్మ పెన్సిలు మందాన, జానెడు పొడవున, మూడు నాలుగు కణుపులతో, పూత లేనిదై ఉండాలి. కింది ఆకులు తీసేసి, రెండు కణుపులు మట్టిలో ఉండేలా గుచ్చి, నీడలో ఉంచితే నాలుగు నుంచి ఆరు వారాల్లో వేళ్లు వస్తాయి. ముందే చిగురు కనిపించినా కదపకూడదు. కొమ్మలో నిలవున్న ఆహారంతోనే చిగురు రావచ్చు. దేవగన్నేరు కొమ్మకు పాలు కారి, గాయం ఎండి గట్టిపడేదాకా కొన్ని రోజులు నీడలో పడేసి ఆ తరవాతే నాటాలి. పచ్చిగా నాటితే కుళ్లుతుంది. మల్లెకు నేల అంటు ఎక్కువ నమ్మకం: వంగిన తీగను పక్క కుండీలోని మట్టిలో ఒక కణుపు దాకా పూడ్చి, వేళ్లు వచ్చాక తల్లి నుంచి వేరు చేస్తారు. చామంతికి పూత అయ్యాక మొదట్లో వచ్చే పిలకలు, వేసవి చివర లేత కొనలు వాడతారు.

చల్లని దేశాల బాల్కనీల కోసం ఇదే పని ఇప్పుడు విమానాల మీద నడుస్తోంది. దక్షిణాఫ్రికా కేప్ ప్రాంతపు పెలార్గోనియం, జనం నోట జెరేనియం, ఐరోపాలోనూ అమెరికాలోనూ కిటికీ పూలకు మొదటి పేరు. వాటి తల్లి మొక్కలను కెన్యా, ఇథియోపియా, గ్వాటెమాలా వంటి ఎత్తైన, ఎప్పుడూ వెచ్చగా ఉండే దేశాల్లో పెంచి, వేళ్లు లేని కొమ్మలను పెట్టెల్లో సర్ది పంపుతారు. ఐరోపా, అమెరికాలకు చేరాక వేళ్లు పుట్టిస్తారు. తల్లి లక్షణాలన్నీ వచ్చినట్టే తల్లి తెగులూ వస్తుందని ఈ వ్యాపారంలో గట్టిగా రుజువైంది. 2003లో కెన్యా నుంచి అమెరికాకు వెళ్లిన కొమ్మల్లో బంగాళాదుంపను కూడా నాశనం చేయగల ఎండు తెగులు బాక్టీరియా బయటపడి, పెద్ద సంఖ్యలో మొక్కలను ధ్వంసం చేయవలసి వచ్చింది.

కొమ్మ మీద హక్కు ఎవరిదన్న ప్రశ్నా ఇరవయ్యో శతాబ్దంలోనే పుట్టింది. 1930లో అమెరికా మొక్కలకు పేటెంటు ఇచ్చే చట్టం చేసింది. అది విత్తనంతో కాక కొమ్మ, అంటు వంటి దారుల్లో పెరిగే మొక్కలకే వర్తించేలా రాశారు. మొదటి పేటెంటు 1931లో న్యూ డాన్ అనే తీగ గులాబీకి వచ్చింది. అది కూడా మరో గులాబీ మీద వచ్చిన మారిన కొమ్మే. ఆ చట్టం ప్రకారం పేటెంటు గడువు ముగిసేదాకా అనుమతి లేకుండా ఆ మొక్క కొమ్మ నాటడం నేరం కాకపోయినా హక్కుల ఉల్లంఘనే. భారతదేశం 2001లో చేసిన మొక్కల రకాల పరిరక్షణ, రైతు హక్కుల చట్టం వేరే దారి పట్టింది. ఆ చట్టంలో విత్తనం అనే మాటకు ఇచ్చిన అర్థంలో గింజ ఒక్కటే కాదు, అచ్చం ఆ రకం మొక్కనే తిరిగి ఇవ్వగల మొక్క భాగాలూ చేరాయి. రక్షిత రకమైనా సరే, తన పంట నుంచి తీసిన విత్తనాన్ని దాచుకోవడం, తిరిగి నాటుకోవడం, ఇచ్చిపుచ్చుకోవడం, అమ్ముకోవడం రైతు హక్కని అందులో ఉంది. బ్రాండు పేరుతో అమ్మకూడదన్నది ఒక్కటే షరతు. నాటు మందారం, నందివర్ధనం, మల్లె, ఎడ్వర్డ్ గులాబీ వంటి పాత మొక్కలు ఏ సంస్థ పేటెంటు కిందికీ రావు. వాటి కొమ్మను ఎవరు ఎవరికైనా ఇవ్వవచ్చు.